తల వంచితేనే మాట

మా బావ కటింగ్ షాపుకి సరిగ్గా ఎదురుగా నా బొత్తాల కొట్టు. అందువల్ల ఇరవై ఆరేళ్లుగా ఆయన గొంతు వినే శిక్ష నాకు పడింది. వీధిలో ఆయన పేరు రేడియో. నోట్లో నువ్వుగింజ నానదు. కుర్చీలో కూర్చున్నవాడి మెడకి తెల్లగుడ్డ చుట్టి, "కొంచెం తల వంచండి" అని కత్తెర ఆడించాడంటే చాలు, చిన్నప్పుడు తండ్రి కొట్టిన దెబ్బల దగ్గర్నుంచి నిన్నటి కడుపుమంట దాకా అన్నీ బయటికొస్తాయి. అవతలివాడు మాత్రం తల వంచుకునే ఉండాలి. మొహం ఎత్తి చూశాడా, రేడియో ఆగిపోతుంది. "ఎంత మనసు విప్పి మాట్లాడతాడండీ!" అని మెచ్చుకుంటూ మెట్లు దిగేవాళ్లను చూస్తే నాకు ఒళ్లు మండేది.

ఆ మహానుభావుడే ఇంటి గుమ్మం దాటితే బెల్లం కొట్టిన రాయి. "ఏమైంది?" అని అక్క అడుగుతుంది. "ఏం లేదు" అంటాడు. వాళ్ల కాపురమంతా ఈ రెండు మాటల మీదే నడిచింది. పిల్లలు పుట్టలేదని ఆయన కుమిలిపోతున్నాడన్న సంగతి మా అక్కకి కోడిగుడ్లు అమ్మే అతను చెబితే తెలిసింది. అప్పుడైనా నిలదీసిందా? "పోనీలేవే, ఎవరో ఒకరితో చెప్పుకున్నారుగా" అంది. నేనైతే ఆ తెల్లగుడ్డనే ఆయన మెడకి చుట్టి బిగించేదాన్ని.

ఈ ఏడు మొదట్లో ఆయన గడ్డాలు గీయడం మానేశాడు. "ఇప్పుడందరూ ఇంట్లోనే గీసుకుంటున్నారు" అని కబుర్లు చెప్పాడు. ఇంట్లో టీ గ్లాసు నోటిదాకా వెళ్లేలోగా సగం సాసర్లో పడుతోంది. గ్లాసు మరీ నిండుగా పోశానేమోనని అక్క తగ్గించి పోసింది. అయినా ఒలికింది. "చేతికి ఏమైంది?" అని అడిగింది. జవాబు మీకు తెలిసిందే.

అక్క పెద్దాసుపత్రిలో దుప్పట్లు ఉతికి మడతపెట్టే చోట పనిచేస్తుంది. ఈయనగారు అదే ఆసుపత్రికి, అక్క డ్యూటీలో ఉన్న వేళకే, వెనక మెట్ల మీదుగా రెండో అంతస్తుకెక్కి నరాల డాక్టరుకి చూపించుకుని వచ్చాడు. ఆయన్ని పడుకోబెట్టి పరీక్ష చేసిన మంచం మీది దుప్పటి మా అక్క మడతపెట్టిందే. సిగ్గులేని మనిషి, దాని మీదే పడుకుని లేచొచ్చి రాత్రి అన్నం తిన్నాడు.

ఆ వారమే రిటైర్డ్ మాస్టారొకాయన, బావ దగ్గర కటింగ్ చేయించుకుని, చొక్కా బొత్తాలకని నా కొట్టుకొచ్చి, "మీ బావగారికి ఎలా ఉందమ్మా? ఆ వణుకు ఇక తగ్గేది కాదటగా" అన్నాడు. ఆయనకి బొత్తాలు కూడా ఇవ్వలేదు. కొట్టు మూసేసి అక్క దగ్గరికి పరుగెత్తాను. నేను నోరు తెరవగానే అక్క చెయ్యి అడ్డం పెట్టింది.

"ఆయన చేతి గురించేనా? అయితే చెప్పకు."

"నీకేం తెలుసని?"

"ఏం తెలీదు. అందుకే చెప్పొద్దంటున్నా. ఇన్నాళ్లూ ఆయన సంగతులన్నీ ఎవరో చెబితేనే విన్నా. ఇదొక్కటైనా ఆయన నోటితో వింటానే."

నాకు అక్క మీద జాలి కలగలేదు, కోపమే వచ్చింది. రాయి నోరు విప్పుతుందని కూర్చునేవాళ్లను ఏమనాలి?

మర్నాడు మధ్యాహ్నం, షాపులో ఎవరూ లేనప్పుడు, అక్క నన్ను వెంటబెట్టుకుని అక్కడికి వెళ్లింది. ఇన్నేళ్లలో ఆ గుమ్మం తొక్కడం అదే మొదలు. నేను బెంచీ మీద కూర్చున్నాను. అక్క నేరుగా వెళ్లి కుర్చీలో కూర్చుని, నడుం దాకా ఉన్న జడ విప్పేసి, "చివర్లు చిట్లిపోయాయి, కాస్త కత్తిరించండి" అంది.

ఆయన బిత్తరపోయాడు. కానీ కుర్చీలో మనిషి కూర్చున్నాక చేతులు ఊరుకుంటాయా? గుడ్డ చుట్టాడు. నీళ్లు చల్లాడు. "కొంచెం తల వంచండి" అన్నాడు. పెళ్లాన్ని పట్టుకుని 'అండి' ఏమిటని ఆయనకి తట్టనైనా లేదు. అక్క తల వంచింది. కత్తెర టకటకలాడింది. కాసేపటికి రేడియో మోగింది.

"చెయ్యి కాస్త వణుకుతోందండీ, ఏమీ అనుకోకండి. రెండేళ్లకి కత్తెర కూడా పట్టలేనన్నాడు డాక్టరు. ఇంట్లో మాత్రం చెప్పలేదండీ. పాపం, మా ఆవిడ తట్టుకోలేదు."

కత్తెర గాలిలో ఆగిపోయింది. ఎవరితో అంటున్నాడో అప్పుడు తెలిసొచ్చింది మా బావకి. నేను లేచి నాలుగు దులిపేద్దామనుకున్నాను. తల ఎత్తకుండానే అక్క అంది:

"ఆగారేం? ఎవరితోనో చెబుతున్నట్టే చెప్పండి. నేను తల ఎత్తన్లెండి."

చెప్పాడు. గంటసేపు చెప్పాడు. ఎవరి గొంతు కోస్తానోనని గడ్డాలు మానేశాడట. రేపు అక్క చేత అన్నం తినిపించుకోవాల్సి వస్తుందేమోనని భయమట. అక్క వంచిన తల ఎత్తలేదు, గుడ్డ మీద ఒకటీ అరా కన్నీటి చుక్కలు పడ్డా తుడుచుకోలేదు. ఇదంతా చూసి నా మనసు కరగాలేమో. కరగలేదు. కట్టుకున్నదాని మొహం చూసి మాట్లాడలేని మగాడు నాకు మనిషిలా కనిపించడు.

ఇప్పుడు అక్క వారం వారం వెళ్లి ఆ కుర్చీలో కూర్చుంటోంది. ఆయన చెబుతాడు, ఈమె వింటుంది. ఊరికే కూర్చుంటే ఆయనకి మాట రాదు కాబట్టి వెళ్లినప్పుడల్లా ఇంత జుట్టు కత్తిరించాలి. నడుం దాకా ఉన్నది భుజాలకొచ్చింది, అదీ వంకరటింకరగా. నిన్న చూస్తే చెవుల దాకా వచ్చేసింది.

"ఇంక కత్తిరించడానికి ఏం మిగిలిందే?" అని కసిరాను.

అక్క మెడ తడుముకుంది.

"జుట్టుదేముందే, మళ్లీ పెరుగుతుంది. ఆయన కత్తెర పట్టేది ఇంకెన్నాళ్లో."