స్టాపు కాని చోట ఆగిన బస్సు

మా ఆయన అద్దె బస్సు డ్రైవరు. బస్సు మీద రంగు ప్రభుత్వానిది, జీతమిచ్చేది మాత్రం ప్రైవేటు ఓనరు. నూజివీడు నుంచి రెడ్డిగూడెం వైపు వెళ్లే రూటు. పోయిన వేసవి జీతం ఆ ఓనరు ఎగ్గొట్టాడు. మా ఆయనా, ఇంకో డ్రైవరూ కలిసి కోర్టుకెక్కితే, "వేసవిలో వీళ్లసలు పనిలోకే రాలేదు, వేరేవాళ్లతో నడిపించాను" అని అడ్డంగా బొంకాడు. నోటిమాట మీద చేరిన ఉద్యోగం, ఎక్కడా ఒక్క సంతకం లేదు. నాకైతే ఒళ్లు మండిపోయింది. ఆ డబ్బొస్తేనే పిల్లల ఫీజు కట్టేది.

ఈ ఏడు మామిడి కోతలప్పుడు సాక్ష్యాలు మొదలయ్యాయి. తోటల్లో కూలికి వెళ్లే ఒక పెద్దావిడ, మా ఆయన బస్సులో రోజూ తిరిగిన మనిషి, తనంతట తానే వస్తానంది. చర్చికి కట్టుకునే తెల్లచీరలో వచ్చి బోనెక్కింది.

"పోయిన వేసవిలో ఈయన బస్సు నడపడం చూశారా?" అని మా లాయరు అడిగాడు.

"చూడ్డమేంటి బాబూ, రోజూ ఎక్కాను. బంగారంలాంటి మనిషండీ! స్టాపు దూరమని తోట గేటు దగ్గరే ఆపేవాడు. మా గంపలన్నీ ఎక్కేదాకా హారను కూడా కొట్టేవాడు కాదు."

ఓరి దేవుడా, కొంప మునిగిందనుకున్నాను. మా ఆయన తల వంచేసుకున్నారు.

ఓనరు లాయరు చటుక్కున లేచాడు. "స్టాపు కాని చోట ఆపేవాడా? రోజూనా?"

"రోజూనండీ."

"చూశారా సార్! వేసవంతా ఈ మనిషి రూల్సు లెక్కచేయకుండా బస్సు నడిపాడు!"

జడ్జిగారు కళ్లజోడు పైనుంచి చూశారు. "అయితే నడిపాడంటారు?"

ఓనరు మొహంలో కత్తివేటుకు నెత్తుటిచుక్క లేదు. తర్వాతి వాయిదాలో జీతాలు కట్టమని ఆర్డరొచ్చింది.

కేసు నడిచినన్నాళ్లూ హనుమాన్ జంక్షన్‌లో లారీ తోలిన మా ఆయనకు, అదే రూటులో ఇంకో ఓనరు బస్సు దొరికింది. మొదటిరోజు ఆవిడకు స్వీట్లు ఇద్దామని నేనూ ఎక్కాను. తోట గేటు దగ్గర ఎవరూ లేరు. అసలు స్టాపులో, గంపలు దించుకుని, చెమటలు తుడుచుకుంటూ ఆ పెద్దావిడా, తోటి కూలీలూ ఉన్నారు.

"ఇంతదూరం మోసుకొచ్చారేంటమ్మా?" అన్నారు మా ఆయన.

"నా నోరు ఊరుకోక కోర్టులో అనేశాను కదయ్యా. మావల్ల మళ్లీ నీ ఉద్యోగం పోతే ఎలా?"

నాకు ఏడుపు ఆగలేదు. మా ఆయన కిందికి దిగి గంపలన్నీ తానే ఎత్తి బస్సులో పెట్టారు.

"రేపు గేటు దగ్గరే నిలబడండి. మీరు కనపడకపోతే బస్సు అక్కడే ఆపుకుని కూర్చుంటాను" అన్నారు.