నాలుగు వేళ్ల గీత

మా తాత తుపాకి ఇప్పటికీ నా పేరునే ఉంది. ఆడదానికి తుపాకి ఎందుకని అడిగినవాళ్లకు ఇన్నేళ్లలో నేను ఒక్కసారి కూడా సంజాయిషీ ఇవ్వలేదు. ఇప్పుడు రాస్తున్నదీ సంజాయిషీ కాదు.

అరవైల చివర, నేను డిగ్రీలో ఉన్నప్పుడు, తార్నాకలో రెండు గదుల ఇంట్లో ఉండేవాళ్లం. మా బాపు యూనివర్సిటీ కెమిస్ట్రీ ల్యాబులో అటెండరు. ఊళ్లో తాత పోయాక బాపమ్మ మా దగ్గరికి వచ్చేసింది. ఆమెతో పాటు గోనెసంచిలో చుట్టిన టోపీదారు బందూకు కూడా వచ్చింది. గొట్టం మూతిలోంచి మందు పోసి కూరే పాతకాలపు తుపాకి అది. చేలమీద పడే పందుల కోసం తాత పేరున లైసెన్సు ఉండేది. తాత గురి గురించి మా ఇంట్లో దేవుడి మహిమల్లాగా చెప్పుకునేవాళ్లు.

లైసెన్సు ఎవరో ఒకరు తమ పేరుకు మార్చుకోవాలి, లేదంటే తుపాకి అప్పగించాలి అని ఠాణా వాళ్లు చెప్పారు. బాపు తన అన్నను పిలిపించాడు. మౌలాలి నుంచి పెద్దనాయిన వచ్చి, చాయ్ తాగినంతసేపట్లో తీర్పు చెప్పేశాడు.

"అప్పజెప్పుడే. గా గురి నాయినతోనే పోయింది. ఇంట్ల పేల్చేటోడు ఎవడున్నడు?"

"నేనున్న," అన్నాను.

"నువ్వా? పిల్లను చూడ వస్తే తుపాకి పట్టుకొని కూసుంటవా?" అని నవ్వాడు. బాపు కూడా నవ్వాడు. నాకు ఒళ్లు మండింది. ఆ తుపాకి మీద మోజు నాకు అప్పటిదాకా పెద్దగా లేదు. ఆ నవ్వు విన్నాకే అది నాకు కావాలనిపించింది. సోమవారం అప్పగించాలని వాళ్లు అనుకున్నారు. నాకు మిగిలింది ఒక్క ఆదివారం.

అప్పగించే ముందు తాత పేరు చెప్పుకొని ఒకసారి పేల్చాలని పెద్దనాయినకు కోరిక. ఆదివారం పొద్దున్నే నలుగురం యూనివర్సిటీ వెనక్కు పోయాం. బాపమ్మ కర్ర పట్టుకొని తనూ వస్తానంది. అప్పట్లో హాస్టళ్లు దాటితే అంతా బండలు, సీతాఫలం చెట్లు, ముళ్లపొదలే. మనిషి అలికిడి లేని చోటు చూసి, బాపు ఒక బండమీద ఖాళీ డాల్డా డబ్బా పెట్టి వచ్చాడు.

మందు ఎంత పోయాలో చూడటానికి మావాళ్లకు ఒక పద్ధతి ఉంది. మందు గొట్టంలో పోసి, గజం అనే ఇనుప ఊచతో దట్టించి కొలుస్తారు; పీచు, సీసపు గుండ్లు ఆ తర్వాతే. ఊచ పైకొస నాలుగు వేళ్ల వెడల్పంత బయట నిలిస్తే సరి. ఆ కొలత దగ్గర ఊచమీద ఆకురాయితో చేసిన గీత ఒకటి ఉండేది. పెద్దనాయిన గీతను చూడలేదు. ఊచ పక్కన తన నాలుగు వేళ్లు ఆనించాడు. బయటున్న ఊచ తన వేళ్లంత లేదని మరికొంత మందు పోశాడు.

"గీత దాటినవ్ రా," అంది బాపమ్మ, బండమీద కూర్చొని.

"నాయిన చెయ్యే నా చెయ్యి. నాకు తెల్వదా?"

అది నిజమే. తాత దినాలప్పుడు ఊరి పెద్దలు పెద్దనాయిన చెయ్యి పట్టుకొని, అచ్చం మీ నాయిన చెయ్యే అని కళ్లు తుడుచుకున్నారు. అంత వెడల్పాటి చెయ్యి.

పేల్చాడు. తుపాకి ఆయన్ని వెనక్కి తన్నింది. పొగ తేలిపోయాక చూస్తే ఆయన వెల్లకిలా ఉన్నాడు, డబ్బా బండమీదే ఉంది. "గొట్టం ఖరాబైంది. రేపు అప్పజెప్పుడే," అన్నాడు భుజం పట్టుకొని లేస్తూ.

నేను పోయి తుపాకి తీసుకున్నాను. బాపు వద్దు బిడ్డా అంటూ అడ్డం వచ్చాడు.

"గొట్టం మంచిగనే ఉన్నది. పేల్చనియ్," అంది బాపమ్మ.

గొట్టం చల్లారనిచ్చి, తుడిచి, గీత వరకే మందు దట్టించాను. ఎందుకైనా మంచిదని నేనూ వేళ్లు ఆనించి చూశాను. నా నాలుగు వేళ్లు ఆ గీతకు సరిగ్గా సరిపోయాయి. పీచు, గుండ్లు వేసి, మందుకు నిప్పంటించే చిన్న రాగి టోపీ పెట్టి, ఊపిరి బిగబట్టి పేల్చాను. చెవులు దిమ్మెక్కాయి. డబ్బా కిందపడి దొర్లింది. దానికి మూడు చిల్లులు పడ్డాయి.

"మా నాయిన గురి వచ్చింది దీనికి," అన్నాడు బాపు.

"తాత చెయ్యి అంత పెద్దది కదా, గీత నా చేతికెట్ల సరిపోయింది?" అని అడిగాను.

బాపమ్మ ఊచ అందుకొని గీత పక్కన తన వేళ్లు ఆనించింది. ముడతలు పడ్డ సన్నటి వేళ్లు. సరిపోయాయి.

"మీ తాతకు చప్పుడంటే భయం. పందులొస్తే నేను కొట్టేది. పొద్దుగాల మీసం దువ్వుకుంట ఆయన ఊర్లకు పోయేది."

"మాకు చెప్పకపోతివేందమ్మా?" అన్నాడు పెద్దనాయిన.

"ఆయన ఇజ్జత్ పోతదని ఊకున్న."

నాకు తాత మీద కోపం రాలేదు. నలభై ఏళ్లు ఊరుకున్నందుకు ఆమె మీదే వచ్చింది. ఇంటికి వచ్చే దారంతా తుపాకి నేనే మోశాను. తలుపు దగ్గర, దరఖాస్తు నా పేరున రాయమని బాపుతో చెప్పాను. ఆయన ఈసారి నవ్వలేదు.

సోమవారం ఠాణాకు బాపమ్మను కూడా తీసుకుపోయాం. రైటరు నన్ను కిందికీ మీదికీ చూసి, "తుపాకి ఎవరు నేర్పిండ్రు?" అని అడిగాడు.

"మా నాయిన," అన్నాడు బాపు, అలవాటు కొద్దీ.

"కాదు. మా బాపమ్మ," అన్నాను. "గట్లనే రాయుండ్రి."

రైటరు కలం పక్కన పెట్టి నవ్వాడు. "ఊకో బిడ్డా, గిప్పుడెందుకు," అని బాపమ్మ నా కొంగు లాగింది. నేను ఊకోలేదు. రాసేదాకా బల్ల ముందు నుంచి కదలనన్నాను. వెనక ఉన్నవాళ్లు గొణిగారు. చివరికి విసుక్కుంటూ ఆమె పేరు అడిగి రాశాడు. ఆమెకు చదువు రాదు, చదివి వినిపించమన్నాను. చదివాడు.

బాపమ్మ నా కొంగు వదిలేసి, కర్రమీద చేతులు పెట్టుకొని నిటారుగా నిలబడింది.

"ఇంకొకసారి సదువు సారు," అంది.