సాంచెల షెడ్డులో తీసిన మూగ టేపు

ప్రత్యేక రాష్ట్ర ఉద్యమం రోజుల్లో చెవులు చిల్లులు పడేవి. కోరుట్లలో మా ఇంటి ముందు పొద్దున్నే మైకు, జగిత్యాల పోతే అక్కడా మైకు, ధర్మపురి రోడ్డు మీద వంటావార్పు దగ్గరా మైకే. ఎవడి కెమెరా చూసినా నినాదాలే. నాకు చిర్రెత్తుకొచ్చింది. అసలు శబ్దమే లేని సినిమా తీస్తానని పంతం పట్టాను.

"గొంతు లేని సినిమా ఎవడు సూస్తడురా? నీకేమన్న తిక్కనా?" అన్నాడు మా అన్న. తిక్కే. కాదన్నదెవరు?

కెమెరాకి బయటి మైకు తగిలించే రంధ్రంలో, మైకు లేని ఉత్త పిన్ను దూర్చేవాణ్ణి. అప్పుడు టేపు మీద బొమ్మ తప్ప ఇంకేమీ పడదు. అలా సిరిసిల్లలో ఒక సాంచెల షెడ్డు చుట్టూ వారం రోజులు తిరిగాను. మరమగ్గాన్ని అక్కడ సాంచె అంటారు. అవన్నీ ఒక్కసారి కొట్టుకుంటుంటే పక్కవాడు అరిచినా వినపడదు. సమ్మె వల్ల బస్సులు బంద్. నా బండి మీద ప్రెస్ అని రాసి ఉండబట్టి ఎవరూ ఆపలేదు.

ఆఖరి రోజు ఒక కార్మికుణ్ణి దగ్గరగా తీశాను. నలభై ఏళ్లుంటాయి. నా వైపే చూస్తూ ఏదో అన్నాడు. పెదవులు భలే కదిలాయి. నాకు కావలసింది ఇదే కదా అని మురిసిపోయి, బాగుందన్నట్టు బొటనవేలు ఎత్తి చూపించి ఇంటిదారి పట్టాను.

బస్సులు మళ్లీ తిరగడం మొదలయ్యాక, అతనికి చూపిద్దామని టేపూ కెమెరా పట్టుకుని వాళ్లింటికి వెళ్లాను. అతను లేడు. నేను వెళ్లిపోయిన మూడో రోజే గుండె ఆగి పోయాడట. భార్య చెప్పింది. ఆమె కూడా ఆ షెడ్డులోనే నూలు కండెలు చుడుతుంది.

"అండ్ల ఆయన గొంతున్నదా సార్? ఒక్కసారి ఇనిపియ్యుండ్రి," అంది.

గొంతు తీసేసిందే నేను. సిగ్గుతో చచ్చిపోతూ కెమెరా చిన్న తెర ఆమె ముందు పెట్టాను.

చూస్తూ చూస్తూ ఆమె పెదవులు కూడా కదిలాయి. ఆ మోతలో బతికేవాళ్లు పెదవులు చూసే మాట పట్టేస్తారట. వారం తిరిగినా నాకు తెలియలేదు, నా కళ్లు మండిపోను!

"ఏమంటున్నాడమ్మా?"

"'రొమ్ముల నొస్తుంది సార్. బస్సులు లెవ్వు. ఎల్లుండి మీ బండి మీద కరీంనగర్ దవాఖానకు తోల్కపోతరా' అంటుండు."

అప్పుడే తెర మూలలోకి నా బొటనవేలు వచ్చింది. అతను నవ్వి దండం పెట్టాడు.

"గిదా సంగతి!" అంది ఆమె. "గా పానం పోయిన పొద్దు తానం జేసి, ఉతికిన అంగీ ఏస్కొని సందు మొగన కూసున్నడు. ఇంకెవలనన్న అడుగుదామయ్యా అంటె ఇనలే. 'సారు సరే అన్నడు, అస్తడు. మనం ఎల్లిపోతె పాపం ఉత్తగ తిరిగిపోతడు' అన్నడు."