ఒక ఒత్తు కోసం పంజాగుట్ట దాకా

మా సత్తయ్య మామ ఒకప్పుడు అమీర్‌పేటలో దుకాణాల బోర్డులు రాసేవాడు. వయసులో ఉన్నప్పుడు ఒకే ఒక్క సినిమాకు టైటిళ్లు రాశాడు. అందరి పేర్లూ ముత్యాల్లా రాసి, తన పేరు మాత్రం ఆఖర్లో హడావుడిగా రాశాడట. ‘త’ కింద ఒత్తు పెట్టాడా, మరిచాడా? ఆ సినిమా హాల్లో ఆడినప్పుడు చూడటం కుదరలేదు, నలభై ఏళ్లుగా ఇదే బెంగ. ఆ సినిమా ఇంటర్నెట్‌లో ఫ్రీగా కనిపిస్తే ఎగిరి గంతేసి మామకు చూపించాను. తీరా చూస్తే ఎవరో ఎక్కించిన దొంగ కాపీ. టైటిళ్లన్నీ కోసేశారు, హీరో సైకిల్ దిగడంతోనే సినిమా మొదలైంది. “పేర్లేవి బిడ్డా?” అన్నాడు మామ. నాకు ఒళ్లు మండిపోయింది.

వెతగ్గా వెతగ్గా పంజాగుట్టలో ఒక చిన్న సినిమా ఆర్కైవ్ సంగతి తెలిసింది. నిర్మాతల కుటుంబాల అనుమతితో పాత రీళ్లను డిజిటల్ చేసి, అడిగినవాళ్లకు అక్కడే ఉచితంగా చూపిస్తారు. ఫోన్ చేస్తే ఆ సినిమా తమ దగ్గర ఉందని చెప్పి, మంగళవారం పదకొండింటికి రమ్మన్నారు.

మామ ఉండేది మధురానగర్‌లో. మెట్రో ఎక్కి అమీర్‌పేటలో రైలు మారితే పంజాగుట్ట తర్వాతి స్టేషనే, కానీ మామ మోకాళ్లకు మెట్లు పడవు. పదిన్నరకు నూట ఇరవైకి ఆటో మాట్లాడుకున్నాం. అమీర్‌పేట సిగ్నల్ దగ్గర ఇరుక్కుపోతే, మామ కోచింగ్ సెంటర్ల ఫ్లెక్సీల్లో తప్పులు వెతకడం మొదలుపెట్టాడు.

“చాచా, మీరు స్కూల్ల సారా?” అడిగాడు డ్రైవర్.

“కాదు భాయ్, పెయింటర్ని. అందరి తప్పులు పట్టినోన్ని, గిప్పుడు నా తప్పు సూడనీకి పోతున్న.”

“ఫికర్ చెయ్యకుండ్రి, టైముకు దింపుత,” అని నవ్వాడతను. అన్నట్టే ఐదు నిమిషాల ముందే దింపాడు.

ఆర్కైవ్ చూసుకునే రమణి గారు మమ్మల్ని తెర ముందు కూర్చోబెట్టారు. పసుపు అక్షరాలు ఒక్కొక్కటే వస్తుంటే మామ కుర్చీ అంచుకు జరిగాడు. చిట్టచివర వచ్చింది: ‘టైటిల్స్: సతయ్య’. ఒత్తు లేదు! నేను మామ వైపు భయంగా చూశాను. మామ మాత్రం పగలబడి నవ్వాడు. “నా అనుమానం కరెక్టే ఉండె! పెట్టనే లే!” కళ్లలో నీళ్లు తిరిగేదాకా నవ్వాడు.

ఆ సంబరంలో నేను ఫోన్ పైకెత్తి వీడియో తీయబోయాను. మామ నా చెయ్యి పట్టేశాడు. “లోపల పెట్టు బిడ్డా. గిట్ల తీసినోడే గద నా పేరు కోసిండు.”

“ఏంటి బాబాయ్ గారూ, కంప్యూటర్లో ఒత్తు పెట్టేయమంటారా?” అని రమణి గారు ఆటపట్టించారు.

“వద్దమ్మా, సినిమాను ముట్టకుండ్రి. తప్పు సుత నేను రాసిందే.”

“అయితే మా కేటలాగులో అయినా సరిగ్గా రాయనివ్వండి,” అంటూ ఆవిడ కంప్యూటర్లో టైటిల్స్ రాసినవారి పేరు ‘సత్తయ్య’ అని చేర్చారు. మామ కళ్లద్దాలు సర్దుకుని, వంగి, తెర మీద ఒత్తును వేలితో తాకి చూశాడు. “మస్తుగున్నది,” అన్నాడు.

తర్వాత ఇరానీ చాయ్ తాగుతూ రెండు ఉస్మానియా బిస్కెట్లు ఎక్కువే తిన్నాడు. ఆయన్ని అంత ఆనందంగా నేనెప్పుడూ చూడలేదు. సినిమాను ఉచితంగా చూడటంలో తప్పేమీ లేదు, మేమూ అలాగే చూశాం. కాకపోతే హక్కున్నవాళ్లు ప్రేమగా ఇచ్చినదాన్ని చూశాం.

మీరూ ఇలాంటి చోటికి వెళ్తుంటే ముందుగా ఫోన్ చేసి టైం తీసుకోండి, గుర్తింపు కార్డు మరవకండి. సినిమా మొదలవకముందే కుర్చీలో ఉండండి. టైటిళ్లలో ఎవరో ఒకరి మామ ఉంటాడు.