మామ్మ ఇంట్లో లేదన్నాను

మలేషియాలో, సుంగై సిపుట్ ఊరి పాత పుస్తకాల కొట్లో మా బడి మాస్టారు కూర్చిన తెలుగు నిఘంటువు కనబడింది. అట్టకు రబ్బరు పొగ వాసన.

చిన్నప్పుడు ఆయన మా రబ్బరు తోట కూలీల ఇళ్లకు వచ్చి, ముసలివాళ్ల మాటలు నోటుబుక్కులో రాసుకునేవారు. భర్త పోయిన మా మామ్మను బొట్టు పెట్టుకోమనేవారు. నాకు ఆ నోటుబుక్కంటే అనుమానం. తోట ఆఫీసు నుంచి అలా నోటుబుక్కుతో ఎవరొచ్చినా, తర్వాత ఎవరో ఒకరు ఇల్లు ఖాళీ చేసేవారు.

"మీ మామ్మ ఉందేటే?" అని ఓ రోజు మాస్టారు గడపలో నిలబడి అడిగారు.

"నేదు లా. ఊరెల్లిపోనాది," అన్నాను, మలయ్ వాళ్లలా మాట చివర 'లా' తగిలించి.

పెరట్లో మామ్మ దగ్గింది.

"మరి ఆ దగ్గు ఎవుర్ది, కోడిదా?" అని నవ్వి వెళ్లిపోయారు. మళ్లీ మా గడప తొక్కలేదు.

పేజీలు తిప్పాను. పక్కిళ్ల ముసలమ్మల పేర్లన్నీ వాళ్లు చెప్పిన మాటల పక్కన ఉన్నాయి. మామ్మ పేరు లేదు. ఆమె మాటల్లో నాకిప్పుడు నాలుగైదే గుర్తున్నాయి.