గోంగూర కాడలు, ఫుమికో గారు

గోంగూర కట్ట విప్పగానే వచ్చే పచ్చి పులుపు వాసనకు అందరికీ నోరూరుతుంది, నాకు మాత్రం గుండె దడదడలాడుతుంది. నిన్న అమెరికాలో మా ప్లెయిన్స్‌బరో ఇండియన్ స్టోర్‌లో కట్టలు ఏరుతుంటే మళ్లీ అదే దడ, స్టేజీ ఎక్కే ముందు పుట్టేది. పప్పులో వేసుకునే ఆకును చూస్తే నాకొక జపాన్ సినిమా నటి గుర్తొస్తుందంటే ఎవరు నమ్ముతారు?

ఫుమికో గారు మా అపార్ట్‌మెంట్‌కి సరిగ్గా కింద ఉండేవారు. డెబ్భై దాటిన మనిషి. లాండ్రీ గదిలో నా దుప్పటి రెండో కొస పట్టుకునే పెద్దావిడగానే నాకు ఆరు నెలలు తెలుసు. ఒకరోజు మాటల్లో బయటపడింది. పదిహేడో ఏట టోక్యోలో స్టూడియోలో చేరి, రెండేళ్లు వెనకాల టీ పళ్లెంతో నడిచే వేషాలే వేసి, ఆ తర్వాత హీరోయిన్ అయి, పేరు మారుమోగుతుండగా అమెరికన్ ఇంజనీరును పెళ్లాడి ఇక్కడికి వచ్చేశారట. ఇంత మనిషి చేత ఇన్నాళ్లూ దుప్పట్లు మడతపెట్టించానా!

అప్పటికి నాకింకా వర్క్ పర్మిట్ రాలేదు. ఇంట్లో గోళ్లు గిల్లుకుంటున్న నాకు మా తెలుగు సంఘం ఉగాది నాటకంలో పెద్ద వేషమే దొరికింది. వేటకు వెళ్లిన మొగుడు ఇక రాడన్న కబురు వినే జాలరి భార్య. ఆ కబురు వినగానే కుండపోతగా ఏడ్చేసేదాన్ని. మా డైరెక్టర్ రమణ గారు మర్యాదగానే చెప్పారు. "అమ్మా లావణ్యా, నీ ఏడుపులో సీన్ కొట్టుకుపోతోంది. శనివారం రిహార్సల్‌కి సెట్ కాకపోతే స్వాతిని ట్రై చేద్దాం." ఆ ఏడాది నాకంటూ ఉన్నది ఆ వేషం ఒక్కటే. అదీ పోతుందేమోనని భయపడిపోయాను.

ఫుమికో గారికి చెప్పుకుంటే తాపీగా విన్నారు. "నేనూ ఇలాంటి సీన్‌లో ఏడ్చాను. డైరెక్టర్ పొద్దుటినుంచి తీసి తీసి, చివరికి నిండు కెటిల్ చేతికిచ్చి, అతిథికి టీ పొయ్యమని, చుక్క కింద పడకూడదని అన్నాడు. నా ధ్యాసంతా చుక్క మీదే. అదే ఓకే అయింది. చేతులకి పని ఇవ్వు, ముఖం సంగతి అదే చూసుకుంటుంది. మీ ఇళ్లలో మాట్లాడుతూ చేతులతో చేసే పనేమిటి?"

మర్నాడు గోంగూర పట్టుకెళ్లాను. మధ్యాహ్నమంతా ఇద్దరం ఆకు తుంచుతూ కూర్చున్నాం. నేను డైలాగులు చెబుతుంటే ఆవిడ నా వేళ్లనే చూశారు. కాడలు పారేయబోతే ఆపి, పూలగుత్తిలా కూజాలో అమర్చుకున్నారు. నాకు నవ్వాగలేదు.

శనివారం నేను ఆకు తుంచుతూ సీన్ చేశాక రమణ గారు లైట్లాయన వైపు తిరిగారు. "ఆ చేతుల మీద లైట్ వేయండయ్యా" అన్నారు, అంతే.

ఉగాది రోజు ఫుమికో గారు హాల్లోకి వస్తూనే, సినిమా రోజుల అలవాటు కాబోలు, ముందు లైట్లాయనకు వంగి నమస్కరించి, మొదటి వరసలో కూర్చున్నారు. స్టేజీ మీద కబురు చెప్పారు. నేను ఆకు తుంచుతూనే ఉన్నాను. ఒక్క కాడ దగ్గర, నేను అనుకోకుండానే, వేళ్లు ఆగిపోయాయి. ఆ క్షణం నాలో పొంగిన సంతోషం ఇంతా అంతా కాదు.

"ఒక్క ముక్క అర్థం కాలేదు," అన్నారావిడ తర్వాత నా చేతులు పట్టుకుని. "కానీ ఆ కాడ దగ్గర నీ భర్త పోయాడని తెలిసింది."

ఫుమికో గారు పోయి నాలుగేళ్లు. ఇప్పుడు నాకు ఉద్యోగముంది, నాటకాలు నేనే డైరెక్ట్ చేస్తున్నాను. ఈసారి కొత్తగా చేరిన అమ్మాయి మొదటి సీన్‌కే వెక్కివెక్కి ఏడుస్తోంది.

నిన్న బిల్ వేస్తున్న అమ్మాయి నా బుట్టలోకి చూసి, "ఇన్ని కట్టలా అక్కా, ఇంట్లో పార్టీనా?" అంది.

"కాదమ్మా, రిహార్సల్‌కి" అన్నాను.