మంచుగట్టు నుంచి కొలిచిన తోట

“నోరు మూసుకుని దుంపలు నాటేసుకోక, ఈ ఆఫీసు మెట్లెక్కడం అవసరమా వదినా?”

“నిన్ను బండి నడపమన్నానురా సెల్బీ, సలహా చెప్పమనలేదు. అక్కడ కూర్చో.”

“ఇన్నేళ్ళుగా ఎవడడిగాడు మనల్ని?”

“ఇప్పుడడిగారు. అర్జీ పెట్టాను. కాదన్నారు. ఎందుకో తెలిసేదాకా కదలను.”

కౌంటరు వెనక కర్టిస్ నవ్వు ఆపుకున్నాడు. భూముల శాఖలో చేరి ఏడాది కాలేదతనికి. మరిదితో తగువాడుతూనే ఆ పెద్దావిడ అతని ముందు ఉత్తరం పరిచింది. పేరు డ్రూసిల్లా కాసెల్. హైవే పక్కనున్న తన తోటకి అనుమతి అడిగింది.

“ఇందులో ఉంది కదా మేడమ్, ఆమోదించలేదని.”

“కాదన్నది కనపడింది నాయనా. ఎందుకన్నదే కనపడలేదు.”

“పైవాళ్ళ నిర్ణయమండీ.”

“ఏ పైన? మేడ మీదా, మబ్బుల్లోనా?”

సెల్బీ కిసుక్కున నవ్వాడు.

న్యూఫౌండ్‌లాండ్ ఉత్తర తీరంలో ఇళ్ళ చుట్టూ రాళ్ళే. కాస్త మట్టి దొరికేది రోడ్డు వేసినప్పుడు యంత్రాలు తిరగేసిన చోటే. అందుకే ఊరికి మైళ్ళ దూరంలో, హైవే వారన కర్రల కంచెలు కట్టి బంగాళాదుంపలు పండిస్తారు. తాళాలుండవు, దొంగలూ ఉండరు. చేపల ఫ్యాక్టరీ మూతపడ్డాక డ్రూసిల్లాకి తిండి పెట్టింది ఆ తోటే. ఏటా ఎండాకాలం అలలతో ఒడ్డున పడే కాప్లిన్ చేపల్ని బకెట్లతో మోసుకెళ్ళి ఎరువు వేస్తుంది. మొగుడు ఆంబ్రోస్ చనిపోయిన వారంలో కూడా వేసింది. జనం చెవులు కొరుక్కుంటే, “ఆయన తినడు సరే, నేనూ మానెయ్యనా?” అంది. ఇప్పుడేమో అనుమతి లేని కంచెలన్నీ పీకేస్తామంటున్నారు.

అలాంటి ఉత్తరాలు కర్టిస్ చాలానే పంపాడు. ఎవరూ తిరిగొచ్చి అడగలేదు. తిట్టుకుని ఊరుకుంటారు. వాళ్ళు ఊరుకోవడం ఆఫీసుకి సుఖం. నిజం చెప్పాలంటే అతనికీ సుఖమే. ఈవిడ మాత్రం కుర్చీ లాక్కుని కూర్చుంది. సంచిలోంచి బెల్లపు పాకం బన్నులు తీసి, అతని చేతిలోనూ ఒకటి పెట్టి, తాపీగా తినడం మొదలెట్టింది.

బన్ను సగంలో ఉండగానే అతను లేచి ఫైలు వెతికి తెచ్చాడు.

“రోడ్డుకి మరీ దగ్గరగా ఉందట. మీరు గీసిచ్చిన పటంలోనే ఉంది కొలత.”

“దగ్గరా? మధ్యలో లారీని అడ్డంగా నిలపొచ్చు!”

“ఎప్పుడు కొలిచారు?”

“ఫిబ్రవరిలో. అప్పుడేగా మాకు తీరికుండేది! మంచుబండి మీద వెళ్ళి, మంచుగట్టు నుంచి కంచె దాకా టేపు వేశాం.”

కర్టిస్ నోరు తెరిచాడు. రోడ్డు మీది మంచు తోసి వారన పోసిన గట్టు! చలికాలంలో వాళ్ళకి రోడ్డు అక్కడిదాకా ఉన్నట్టే మరి.

“రోడ్డు మధ్య గీత నుంచి కొలవాలి పెద్దమ్మా! చేతులారా దూరం తగ్గించుకున్నారు.”

“ఆ ముక్క ఎవడు చెప్పాడు మాకు?”

ఎవడూ చెప్పలేదు. ఉత్తరంలో చెప్పడానికి చోటు బోలెడంత ఉంది.

మంచు కరిగాక ఒక శనివారం కర్టిస్ టేపు పట్టుకుని తోటకి వెళ్ళాడు. సెల్బీ రోడ్డు మధ్య నిలబడి, వచ్చే లారీలకి దొరబాబులా చెయ్యి చూపించాడు. తోటంతా హద్దుకి అవతలే ఉంది, ఒక్క మూల తప్ప.

“ఆ మూల కంచె వెనక్కి జరపాలి. అది జరిపి మళ్ళీ అర్జీ పెడితే అడ్డేం లేదు,” అన్నాడు కర్టిస్.

“జరుపుతాం. దానికేం!” అంది డ్రూసిల్లా.

సెల్బీ గొణుక్కుంటూ కర్రలు పీకడానికి వెళ్ళాడు. అతను దూరమయ్యేదాకా ఆగి, ఆవిడ కర్టిస్ మోచెయ్యి పట్టుకుంది.

“నాయనా, వాడూ ఓ అర్జీ పెట్టుకున్నాడు, అడవిలో చిన్న గుడిసెకి. కాదన్నారు. కాగితం పొయ్యిలో పారేసి, అసలు పెట్టనే లేదంటాడు. పౌరుషం! చచ్చినా మీ మెట్లెక్కి అడగడు. సోమవారం వాడి ఫైలు తీసి, ఎందుకు కాదన్నారో రాసి పంపు. నేను చెప్పానని మాత్రం అనకేం.”